తెగిందని అరిచిన రాకుమారుడు

అనగనగా ఒక రాజు. పేరు కీర్తిధ్వజుడు. ఆయనకి ముగ్గురు కొడుకులు: జయంతుడు, వసంతుడు, హేమంతుడు.

ఒకనాడు ధూమ్రజటుడనే మాంత్రికుడు సభకి వచ్చాడు. రాజు భుజమ్మీద చెయ్యివేసి, ఆయన ఆయుష్షుని దారంలా లాగి, ఉండచుట్టుకుని మాయమైపోయాడు. పాపం, అప్పట్నించీ రాజు రోజుకో ఏడు చొప్పున ముసలివాడైపోతున్నాడు.

"ఏడు సముద్రాల అవతల కాలాన్ని నేసే వాళ్ళున్నారు. వాళ్ళ దగ్గర పని నేర్చినవాడే ఆ మాంత్రికుణ్ణి గెలవగలడు" అన్నాడు మంత్రి.

పెద్దవాడు వెళ్ళాడు. "రాకుమారుణ్ణి, నేను దారం కండెలు చుట్టాలా?" అని తిరిగొచ్చేశాడు. ఈలోగా రాజుకి ఇరవై ఏళ్ళు మీదపడ్డాయి. రెండోవాడు వెళ్ళాడు. కండెలైతే చుట్టాడు గానీ, దారాలకి పట్టే గంజి వాసనకి ముక్కు మూసుకుని పారిపోయి వచ్చాడు. రాజుకి మరో ఇరవై. ఇప్పుడాయనకి ఎనభై ఏళ్ళు!

మూడోవాడు హేమంతుడు ఓడెక్కాడు. తెరచాప మూల ఒక సాలీడు గూడు కట్టుకుంది. నావికులు చీపురు ఎత్తారు. "ఉండనివ్వండర్రా, దాని ఇల్లు అది" అన్నాడు హేమంతుడు.

"నేనూ నీతో వస్తాను బాబూ" అని సాలీడు అతని తలపాగాలో దూరింది.

ఏడు సముద్రాలూ దాటాక నేతవాడ వచ్చింది. ఆ వాడకి పెద్ద పడుగులవ్వ. అక్కడ ఒక్కో మగ్గం మీద ఒక్కో ఊరి కాలం నేస్తారు. ఉదయాలూ, మధ్యాహ్నాలూ, సాయంత్రాలూ అన్నీ దారాలే. అక్కడ ఏడాది గడిస్తే మన దగ్గర ఒక పూట.

మొదటి ఏడు హేమంతుడు కండెలు చుట్టాడు. రెండో ఏడు గంజి పట్టాడు. మూడో ఏడు మగ్గమెక్కాడు. అవ్వ మనవరాలు చెంగల్వ పక్క మగ్గం మీంచి చెప్పింది:

"ఇక్కడ ఒకటే కట్టుబాటు. దారం తెగితే దాచకూడదు. 'తెగింది!' అని గట్టిగా అరవాలి. ఆ మాట వినగానే అందరూ మగ్గాలాపి, ఎవరి దారం కొస వాళ్ళు పట్టుకోవాలి. లేకపోతే కాలం జారిపోతుంది."

రోజుకి పదిసార్లు ఎవరో ఒకరు అరిచేవాళ్ళు. పదిసార్లూ అందరి చేతులూ కొసల మీదికి వెళ్ళేవి. నిద్రలో అరిచినా వెళ్ళేవి!

ఒకరోజు హేమంతుడి దారం తెగింది. అతనికి సిగ్గేసింది. తెగిన చోటుని గుట్టుగా లోపలికి మడిచేశాడు. ఏమైంది? తాటికోన అనే ఊరికి ఒక మంగళవారం మధ్యాహ్నం ఎగిరిపోయింది! అన్నం తిన్నామో లేదో ఎవరికీ గుర్తులేదు. పిల్లలు ఆకలని ఏడ్చారు. ఆ మాట చెవినబడి హేమంతుడు కుమిలిపోయాడు. అందరి మధ్యకీ వచ్చి, "నిన్న తెగింది! నేనే దాచాను" అన్నాడు.

అవ్వ అతని గడ్డం పట్టుకుంది. "ఆలస్యమైనా అరిచావు నాయనా. నీకు ముందు ఒకడు ఇలాగే దాచాడు. అడిగితే అలిగి పారిపోయాడు, దారం జారిపోకుండా చివర వేసే కొసముడి నేర్చుకోకుండానే. వాడే నీ ధూమ్రజటుడు. దొంగిలించిన రోజులన్నీ బట్ట నేసి ఒంటికి చుట్టుకున్నాడు. ఆ బట్ట ఉన్నంతకాలం వాడికి చావు లేదు. కానీ ముడి లేదు కదా, దాని కొస ఎక్కడో విడిగా ఉంటుంది. ఎక్కడో వాడికే తెలుసు."

నాలుగో ఏడు కొసముడి నేర్చుకుని, హేమంతుడు పక్క దీవిలో ఉన్న మాంత్రికుడి దగ్గరికి పట్టపగలే వెళ్ళాడు.

"మీ నాన్న కోసమా?" పకపకా నవ్వాడు ధూమ్రజటుడు. "ఈ అంచులో మెరుస్తోందే, అదే ఆయన ఆయుష్షు. చేతనైతే తీసుకో!"

హేమంతుడు కత్తి దూశాడు. కత్తి వంగిపోయింది. కాగడా విసిరాడు. బట్ట అంటుకోలేదు. అప్పుడు గుండెల నిండా గాలి పీల్చి ఒక్క అరుపు అరిచాడు:

"తెగిందీ!"

ఎన్నేళ్ళయితేనేం, నేర్చిన చెయ్యి ఊరుకుంటుందా! మాంత్రికుడి చెయ్యి చటుక్కున ఎడమ చంక కిందికి వెళ్ళింది. కొస అక్కడుంది! తలపాగాలోంచి సాలీడు ఒక్క గెంతు గెంతి, ఆ కొస లాక్కొచ్చి హేమంతుడి చేతిలో పెట్టింది. అతను లాగాడు, లాగాడు, లాగాడు. ఎవరి రోజులు వాళ్ళ దగ్గరికి సముద్రాల మీదుగా ఎగిరిపోయాయి. రాజుగారివీ వెళ్ళాయి.

చివరికి మాంత్రికుడి సొంత దారం మూరెడు మిగిలింది. అదీ జారిపోతోంది. వాడు చిన్నపిల్లాడిలా ఏడ్చాడు. హేమంతుడికి జాలేసింది. తాటికోన పిల్లలు గుర్తొచ్చారు. ఆ దారానికి కొసముడి వేశాడు.

"ఇంతే తాతా. ఇంకొక్క ఏడాది ఉండుంటే నువ్వూ నేర్చుకునేవాడివి."

వాణ్ణి వెంటబెట్టుకొస్తే అవ్వ కసిరింది. "ఎప్పుడు పోయావు, ఎప్పుడొచ్చావురా! కూర్చో. కండెలు చుట్టు."

ఇంటికొచ్చేసరికి రాజు మీసం మళ్ళీ నల్లబడింది. హేమంతుడికీ చెంగల్వకీ పెళ్ళయింది, రాజే ముచ్చటపడి పట్టాభిషేకమూ చేశాడు. కొత్త రాజు చేసిన మొదటి పనేమిటో తెలుసా? మంగళవారం మధ్యాహ్నం తాటికోన వెళ్ళి, ఊరందరికీ తన చేత్తో అన్నం వడ్డించాడు.

అరవై ఏళ్ళు ఏలాడు. ఏ తప్పు జరిగినా సింహాసనం మీంచి రాజే ముందు లేచి "తెగింది!" అనేవాడు. సభలో అందరూ చేతిలో పని ఆపేసి, కలిసి అతికేవాళ్ళు.

నా కండెలో దారం అయిపోయింది. ఇక లేవండర్రా, అన్నాలు తిందురుగాని.