మంచునెలలో రెండు ఆరులు

గుట్టెక్కి వచ్చే భక్తులకు ముందుగా ఒక మాట. పొద్దులమ్మ గుడిలో విగ్రహం ఉండదు, వెతికి అలసిపోకండి. గర్భగుడిలోని నల్లబండే అమ్మ. ఆ బండ మీద వరసగా నలభై గుంటలు, వాటిలో ఒకదానిలో గుండ్రని తెల్లరాయి కనిపిస్తాయి. మన మబ్బులసీమలో చంద్రుడు కనిపించేది ఎప్పుడో గనుక తిథులు, పక్షాలు లేవు. నెలకు నలభై రోజులు, ఏడాదికి తొమ్మిది నెలలు. మిగిలిన అయిదు రోజులూ ఏ నెలకూ చెందవు, వాటిని చుట్టాలరోజులంటారు. పూజారిణి తెల్లవారగానే రాయిని ఒక గుంట ముందుకు జరిపి గంట కొడుతుంది. ఆ గంట వింటేనే మనకు కొత్త రోజు.

అయితే మంచునెలలో ఆరో రోజు రెండుసార్లు వస్తుంది, ఏడు రానే రాదు. క్యాలెండరు అచ్చువేసినవాడి పొరపాటనుకుని పోట్లాటకు దిగిన భక్తులూ ఉన్నారు. పొరపాటు కాదు నాయనా. దాని వెనక ఒక తల్లి కడుపుకోత ఉంది.

పూర్వం ఇక్కడ కోనమ్మ అనే పూజారిణి ఉండేది. మగడు పోయాక ఆమెకు మిగిలింది ఎనిమిదేళ్ల కూతురు గురివి ఒక్కతే. మంచునెల ఏడున ఉయ్యాలల పండుగ. దానికోసం గురివి పసుపురంగు పరికిణీ కుట్టించుకుని, దండెం మీద వేసి, రోజుకు పదిసార్లు తడిమి చూసుకునేది. ఇంతలో జ్వరం పట్టుకుంది. కషాయాలు పోశారు, మొక్కులు మొక్కారు, తగ్గలేదు. చివరికి సోదెకత్తె పిల్ల చెయ్యి పట్టుకుని చూసి, "ఏడో పొద్దు దాటదు తల్లీ" అని కళ్లు దించుకుంది.

ఆ రోజు ఆరు. మరునాడు తెల్లవారుతూనే కోనమ్మ బండ దగ్గరికి వెళ్లింది. రాయిని చేతిలోకి తీసుకుని మళ్లీ ఆరో గుంటలోనే పెట్టింది. గంట కొట్టలేదు. ఏడు రాకపోతే పిల్ల పోదు కదా అనుకుంది పిచ్చితల్లి. అది పిచ్చో కాదో కన్నవాళ్లకు తెలుసు.

"అమ్మా, ఉయ్యాల ఇవాళేనా?" అని గురివి అడిగింది.

"రేపమ్మా" అంది కోనమ్మ.

అలా తొమ్మిదిసార్లు తెల్లవారింది, తొమ్మిదిసార్లూ రాయి ఆరులోనే ఉంది. ఎనిమిదో రోజు రానిదే కొర్రచేలో కొడవలి పెట్టకూడదని కట్టడి. పండిన కంకులను పిట్టలు తినేస్తున్నాయి. ఊరిపెద్ద సింగన్న ఆయాసపడుతూ గుట్టెక్కి వచ్చాడు.

"కోనమ్మా, గింజ రాలిపోతోంది. పొద్దు పెట్టమ్మా."

"నీ కాళ్లు పట్టుకుంటాను మావా, ఈ ఒక్కరోజు ఓర్చుకో."

పక్కనున్న పాకలో మంచానికి అతుక్కుపోయిన పిల్లను సింగన్న చూశాడు. రాయి చేతికందే దూరంలోనే ఉంది, అయినా తాకలేదు. "ఊరు ఒకపూట పస్తుంటే చచ్చిపోదులే" అని దిగిపోయాడు.

తొమ్మిదో నాడు గురివి, "రోజూ రేపే అంటావేమే? నాకు తెలుసులే, ఉయ్యాలలు అయిపోయాయి. నన్ను తీసుకెళ్లకుండానే ఊగేశారు" అని గోడవైపు తిరిగిపోయింది. ఆ మాటకు కోనమ్మ గుండె చెరువైంది. బండకు తల ఆన్చి ఏడ్చి ఏడ్చి ఆమె కునుకు తీయగా పొద్దులమ్మ కలలో కనిపించింది. "కోనా, నా రాయి ఆపితే జ్వరం ఆగిందటే? దాని పండుగ ఒక్కటే ఆగింది. అది దాని రోజు. దానికి ఇచ్చెయ్యి" అంది.

మరునాడు రాయి ఏడో గుంటలోకి జరిగింది. గంట వినగానే ఊరంతా మోకులు పట్టుకుని పరుగెత్తుకొచ్చింది. పసుపు పరికిణీ నడుము దగ్గర జారిపోతుంటే తాడుతో బిగించి కట్టారు. తొలి ఉయ్యాల గురివికే వేశారు. మోకు పట్టుకునే సత్తువ లేక అమ్మ ఒడిలో కూర్చుంది. "గట్టిగా ఊపు తాతా" అని సింగన్నను అడిగింది, నవ్వింది కూడా. మధ్యాహ్నం కాకముందే ఆ ఒడిలోనే తల వాల్చేసింది.

"తొమ్మిది రోజుల కిందటైతే నిలబడి ఊగేదే! నా చేతులతో నేనే దాచేశానే!" అని కోనమ్మ గుండెలు బాదుకుంది. "ఏడు నా బిడ్డ తీసుకుపోయింది. ఇక దాన్ని ఎవరికీ పెట్టను" అంది. మరుసటి ఏడాది మొదలు మంచునెలలో ఆరు దాటాక రాయిని మళ్లీ ఆరులోనే పెట్టి, ఈసారి గంట కొట్టి, ఊరిని ఉయ్యాలలకు పిలిచింది. ఊరు సరేనంది.

ఇప్పటికీ అదే నడుస్తోంది. మంచునెలంతా ఏడో గుంటలో పసుపుగుడ్డ పరచి ఉంచుతారు. రెండో ఆరు నాడు సీమలో ఎవరూ పిల్లలతో 'రేపు' అనరు. బెల్లం అడిగితే బెల్లం పెట్టాలి, గుర్రం ఆట అడిగితే వీపు వంచాలి. మీసాలు నెరిసిన పెద్దమనుషులు పిల్లలను ఎక్కించుకుని గుడిముందు పాకడం మీరూ చూడవచ్చు.

అమ్మ పిల్లలకు ఆయుష్షు పెంచుతుందా అని భక్తులు అడుగుతుంటారు. గుట్ట మీద నిలబడి అబద్ధం చెప్పలేము. తన పూజారిణికే అమ్మ ఒక్కరోజు ఎక్కువ ఇవ్వలేదు. అయితే బిడ్డ ఆఖరిసారి ఏమడిగిందో జ్ఞాపకం వచ్చినప్పుడు 'ఇచ్చాను' అనుకునే భాగ్యం ఇక్కడికి వచ్చిన తల్లికి కలుగుతుందని పెద్దల మాట.

దర్శనం వరుస పొడుగ్గా ఉండి, చంకలోని పిల్ల ఉయ్యాల కోసం మారాం చేస్తే, ముందు ఉయ్యాల దగ్గరికే వెళ్లండి. అమ్మ ఏమీ అనుకోదు.