కంచె తీసిన కుంట

కొండవాలు అడవిలో ఎండలు ముదిరితే వాగులో ఇసుక తప్ప ఏమీ మిగలదు. అందుకే నీటి అధికారి నక్క, అడవిపంది కోరయ్యను పిలిపించి ఒప్పందం చేసుకుంది. వాగులో కుంట తవ్వితే వేసవంతా కోరయ్య కుటుంబానికి అందులో నీళ్లు. కోరయ్య మూతి చీరుకుపోయేలా తవ్వాడు. నీళ్లు పడ్డ మర్నాడే నక్క కుంట చుట్టూ ముళ్లకంచె వేయించింది.

"ఒప్పందం మాటేమిటి నక్కగారూ?"

"పైనుంచి అనుమతి రావాలి కోరయ్యా. చూద్దాంలే."

ఆ చూడడంలోనే పిల్లల నాలుకలు పిడచకట్టుకుపోయాయి. కోరయ్య న్యాయాధికారి ఏనుగు కాళ్ల మీద పడ్డాడు. "కంచె తీయించండి ప్రభూ," అన్నాడు. పాపం, ఆ ఒక్క మాటే అడిగాడు. కంచె పోతే నీళ్లు తనవేననుకున్నాడు అమాయకుడు. ఏనుగు అలాగే ఉత్తర్వు ఇచ్చింది.

నక్క చెవినైనా వేసుకోలేదు. కోర్టు ధిక్కారమని కోరయ్య మళ్లీ మొరపెట్టుకున్నాడు. విచారణ నాటి పొద్దున నక్క కుంట గట్టు తెంపించి, నీళ్లన్నీ పులిరాజు మడుగులోకి మళ్లించి, ఆ తర్వాత తీరిగ్గా కంచె పీకించింది.

"ఆలస్యానికి మన్నించండి ప్రభూ," అని వంగి వంగి దండం పెట్టింది.

"కంచె తీశారా కోరయ్యా?" అడిగింది ఏనుగు.

"తీశారు ప్రభూ. కానీ లోపల బురదే ఉంది."

"నా ఉత్తర్వు కంచె గురించి. తీశారు కాబట్టి ధిక్కారం లేదు. నీళ్ల కోసమైతే వేరే అర్జీ పెట్టుకో."

ఆ అర్జీ విచారణకు రాకముందే కోరయ్య చిన్నకూతురు బురదలో మూతి పెట్టి ప్రాణం విడిచింది. 

మరుసటి వేసవికి పులిరాజు మడుగూ ఎండిపోయింది. మళ్లీ కుంట తవ్వమని నక్క ఎంత బతిమాలినా కోరయ్య కదల్లేదు. నక్క కోర్టుకెళ్లి, కోరయ్య కుంట తవ్వాలని ఉత్తర్వు తెచ్చుకుంది. ఎక్కడ తవ్వాలో అందులో రాయించాలని దానికి తట్టలేదు. కోరయ్య తలవంచుకుని వెళ్లి రాళ్లగుట్ట మీద తవ్వాడు.

నక్క ధిక్కారమంటూ కోర్టుకెక్కింది.

"తవ్వాడా?" అడిగింది ఏనుగు. దాని గొంతూ ఎండిపోయి ఉంది.

నక్క వంగి దండం పెట్టింది. "తవ్వాడు ప్రభూ. కానీ చుక్క నీరు లేదు."

"నీళ్ల కోసమైతే వేరే అర్జీ పెట్టుకోండి నక్కగారూ," అన్నాడు కోరయ్య.

ఏనుగు తల దించుకుంది. కోరయ్యకు సంతోషం కలగలేదు. కూతురు పోయిన చోటికి వెళ్లి కూర్చున్నాడు.

నీతి: ఉత్తర్వు అమలైందా అని అడిగే న్యాయం, దాహం తీరిందా అని కూడా అడగాలి.