సాన ఒల్లని చుక్కలమ్మ

భక్తులారా, అరవైమూడు మెట్లు ఎక్కి వచ్చారు, ఆయాసంగా ఉంటుంది. ముందు ఈ వసారాలో కూర్చుని రెండు గుక్కల మజ్జిగ పుచ్చుకోండి. తల్లి ఎక్కడికీ పోదు.

మినుకుగుట్ట మీది ఈ చిన్న గర్భగుడిలో కొలువైనది చుక్కలమ్మ. కొబ్బరికాయంత స్ఫటికమే ఆమె స్వరూపం. పైకి గరుకుగా, పొగమంచు పట్టినట్టు కనిపిస్తుంది. మిట్టమధ్యాహ్నం పూజారి తలుపు ఓరగా మూస్తే ఆ రాతి కడుపులో ఇరవైయేడు చుక్కలు మెరుస్తాయి. ఏ కార్తె నడుస్తుంటే ఆ చుక్క తక్కినవాటికంటే పెద్దదై వెలుగుతుంది. పంచాంగం చదవలేని రైతుకు కూడా విత్తే వేళ తెలియాలని, తల్లి ఆకాశంలోంచి ఒక గుప్పెడు తీసి ఇక్కడ దాచిందని పెద్దల మాట.

పూర్వం ఇక్కడ గుడి లేదు, మెట్లు లేవు. తుమ్మ చెట్లు, బోడి బండలు, వాటి మధ్య బీరప్ప అనే కురుబ పెద్ద మేపుకునే గొర్రెల మంద, అంతే. ఒకనాడు మంద ఒక బండ చీలిక ముందు ఆగిపోయింది. అదిలించినా, ఈల వేసినా ఒక్క గొర్రె కాలు కదపలేదు. బీరప్ప వంగి చూశాడు. పట్టపగలు ఆ చీలిక నీడలో చుక్కలు కనిపించాయి. రాయిని కంబళిలో చుట్టి ఊళ్లోకి తెచ్చాడు. ఆ ఏడు రాతిలో ఏ చుక్క వెలిగితే ఆ కార్తె వాన తప్పకుండా పడింది. ఊరు నమ్మింది. మరుసటి వేసవిలో ఇంటికొక వెండి నగ పోగుచేసి, తల్లికి వెండి పీఠం చేయమని కంసాలి కంబగిరాచారి చేతిలో పెట్టింది.

ఈ కంబగిరాచారి రత్నాలకు సాన పట్టడంలో ఆ చుట్టుపక్కల సాటిలేనివాడు. గరుకు రాయి కంటబడితే ముఖం కడగని పిల్లను చూసినట్టు ప్రాణం విలవిలలాడేది. “పీఠం చెయ్యి ఆచారీ, రాయి జోలికి మాత్రం పోవద్దు” అని బీరప్ప చెప్పే వెళ్లాడు. పీఠం కొలతకు రాయిని ముందు పెట్టుకున్న ఆచారి రెండు రోజులు ఓర్చుకున్నాడు. మూడో రోజు చేయి ఆగలేదు. ఇంత వెలుగును ఇంత మసి కప్పేసిందే, ఒక్క పక్క తెరిస్తే ఊరంతా కళ్లారా చూస్తుంది గదా అనుకున్నాడు. రాయిని అరగదీసే కురువిందం పొడి చల్లి సానచక్రం తిప్పాడు. ఒక పక్క అద్దంలా నున్నబడింది. అప్పటికి చుక్కలన్నీ వెలుగుతూనే ఉన్నాయి. ఆ పక్కను పీఠంలో వెనక్కి తిప్పి కూర్చోబెట్టి, పండుగనాడు చూపించి అందరినీ ఆశ్చర్యపరుద్దామని ఊరుకున్నాడు.

సాన కింద కుండలో చేరిన తెల్లని అడుసును అతని భార్య లింగమ్మ చూసింది. మెత్తగా, పట్టులా ఉందని ముచ్చటపడి, పేడలో కలిపి ఇంటి గడప అలికింది.

మృగశిర గడిచింది. ఆరుద్ర కార్తె వచ్చింది. “ఆరుద్ర కురిస్తే దారిద్ర్యం లేదు” అంటారు గదా, ఊరు ఊరంతా రాతివైపే చూసింది. ఆరుద్ర చుక్క ఉండవలసిన చోట చీకటి. పైన మబ్బు లేదు. మృగశిర జల్లుకు మొలిచిన కొర్రపైరు నాలుగు రోజులకే తల వాల్చింది. ఇంకొక వారం గడిస్తే మళ్లీ విత్తడానికి గింజలు లేవు, ఊరు విడిచి వలస పోవలసిందే. మంద మైల వల్ల తల్లి అలిగిందని కొందరు బీరప్పను నిందించారు. ముసలాయన తల వంచుకుని, తన వల్లనేమో అని గొర్రెలను ఊరి పొలిమేర దాటించాడు. అదంతా చూస్తూ కూడా ఆచారి తాను సాన పట్టిన సంగతి బయటపెట్టలేదు.

ఆ మధ్యాహ్నం సానచక్రం పక్కనే ఒరిగి కునుకు తీశాడు. కలలో ఒక ముసలావిడ, నడుము మీద చేయి పెట్టుకుని ఎదుట నిలిచింది.

“నా ఒంటి తోలు ఒలిచి నీ గడపకు పూసుకుంటివి గదరా ఆచారీ. ఆరుద్ర నీ కాళ్లకింద ఉంది. నేను ఎక్కడినుంచి కురిసేది?”

ఆచారి లేచి ఉలి తీసుకుని గడప గీకబోయాడు. లింగమ్మ అడ్డుపడింది. సంగతి విన్నాక వీధివైపు చూసింది.

“పట్టపగలు గడప గీకితే ఊరంతా వచ్చి అడుగుతారు. ఏం చెప్తావు?”

“చేసింది చెప్తా.”

“రేపటినుంచి నీ చేతికి ఎవరైనా రాయి ఇస్తారా?”

“ఇయ్యకపోనీలే. బీరప్ప మామ నా తప్పును మోసుకొని పొలిమేరలో కూర్చున్నాడు.”

లింగమ్మ ఇంకొక ఉలి తెచ్చుకుని పక్కన కూర్చుంది. “సానలో మొనగాడివని నన్నిచ్చినారు మా వాళ్లు, దేవత చర్మం తీస్తావని అనుకోలేదు” అని మాత్రం గొణిగింది.

జనం మూగారు. ఆచారి ఒక్క మాట దాచలేదు. తర్వాత తానే పొలిమేరకు నడిచి బీరప్ప కాళ్లమీద పడ్డాడు. “లే నాయనా, గొర్రెకు ఉన్నపాటి ఓర్పు నీకు లేకపోయె” అని ముసలాయన లేవనెత్తాడు. గీకిన మట్టిని నీళ్లలో తేర్చి, అడుగున నిలిచిన తెల్లని అడుసును ఆచారి తన అరచేత్తోనే నున్నటి పక్కకు పూశాడు. అడుసు రాతిలో ఇంకి గరుకుబారింది. లోపల ఆరుద్ర కన్ను తెరిచింది. సందెవేళకు పడమట ఉరిమింది. మూడు రోజులు తెరిపి లేని వాన. వాన వెలిశాక ఊరు తల్లిని దొరికిన చోటికే తెచ్చి ఈ గుడి కట్టి, పూజ బీరప్పకు అప్పగించింది.

ఇంటివారి పాదాలకు అంటుకుని పోయిన కాస్త అడుసు మాత్రం దొరకలేదు. అందుకే తల్లి వెనక పక్కన గోరంత చోటు ఇప్పటికీ నున్నగా ఉంది. వంగి చూస్తే అందులో చుక్కలు కనిపించవు, చూసేవారి ముఖం కనిపిస్తుంది.

నాటినుంచి తల్లిని తుడవరు, తోమరు. నీళ్లు పోసి ఆరనిస్తారు. ఏటా ఆరుద్ర కార్తె తొలినాడు పనివారంతా గుడి గడప ముందు నిలిచి, ఆ ఏడు తమ చేతిలో చెడిన పని ఒకటి పైకి చెబుతారు. కుమ్మరి కుండ గురించి, దర్జీ పెళ్లి రవికె గురించి, బోరు మెకానిక్ మోటారు గురించి. నవ్వేవారు నవ్వుతారు, అందులో తప్పు లేదు. అలా చెప్పుకున్నవారి చేతి పని ఆ ఏడంతా చెడదని, వారి చేను ఎండదని తల్లి అభయం.

మొదట గొంతు విప్పేది ఎప్పుడూ కంబగిరాచారి వంశంవారే. తమ తప్పు కాదు, ఆ పెద్దాయనదే, ఆయన మాటల్లోనే చెబుతారు: “బాగుచేద్దామని చెడగొట్టినాను తల్లీ.” అప్పుడు బీరప్ప వంశపు పూజారి లోపలినుంచి చేయి చాచి, ఆ చెప్పినవారిని గడప దాటించి తీసుకుపోతాడు.