రాజుగారి చేతిలో ద్రాక్షారసం

అనగనగా సముద్రాలకు ఆవల రోమా నగరం. దానికీ ఏడు కొండలే. మన ఏడుకొండలు కాదు సుమా, అవి వేరు. ఆ నగరాన్ని మెట్టియస్ అనే రాజు ఏలేవాడు.

ఒక సంవత్సరం తోటలకు తెగులు తగిలి ద్రాక్ష పండలేదు. ఉన్న కాస్త ద్రాక్షారసం దేవుళ్ళ నైవేద్యానికీ, రోగుల మందుకూ చాలడం లేదు. అక్కడివారికేమో చచ్చినవారి చితి మీద కుండలకొద్దీ ఆ రసం చల్లే ఆచారం. అందుకని రాజు "చితి మీద ద్రాక్షారసం చల్లరాదు" అని చట్టం చేశాడు. కొయ్యపలక మీద చెక్కించి ఊరి నడుమ నిలబెట్టించాడు. దాన్ని కాపాడే పని దండధారి వోలేరోకి అప్పగించాడు. రాజు ముందు బెత్తాల కట్ట పట్టుకుని నడిచేవాడే దండధారి. వోలేరోకి ఆ కట్ట అంటే ప్రాణం.

మొదట ఒక వర్తకుడు భార్య చితి దగ్గరికి కుండ తెచ్చాడు. వోలేరో కట్ట అడ్డం పెట్టాడు. వర్తకుడు గొణుక్కుంటూ కుండ ఇంటికి మోసుకుపోయాడు.

తరువాత సేనాపతి ఒక్కగానొక్క కొడుకు పోయాడు. అంతటి సేనాపతీ చితి దగ్గర కాళ్ళావేళ్ళా పడ్డాడు. "ఒక్క దోసెడు చల్లనివ్వు నాయనా" అన్నాడు. "రాజుగారి ఆజ్ఞ" అన్నాడు వోలేరో. కట్ట తీయలేదు.

మూడోసారి రాజమాత కాలం చేసింది. రాజే కుండ ఎత్తాడు. కట్ట అడ్డం వచ్చింది.

"తల పోతుంది, తెలుసా?" అన్నాడు రాజు.

"తెలుసు ప్రభూ."

"చట్టం చేసింది నేను. ఈ పూటకి ఆ పలక మీది మాట గీకించేస్తాను. రేపు మళ్ళీ చెక్కిస్తాను."

వోలేరో కట్ట దించలేదు. "పలకదేముంది ప్రభూ, గీకేయవచ్చు. ఆనాడు మీ ఆజ్ఞ అనే సేనాపతిగారికి కాదన్నాను. ఇవాళ ఆయనకేం చెప్పమంటారు?"

సేనాపతి అక్కడే తల దించుకుని నిలబడి ఉన్నాడు. రాజు ఆయన వంక చూశాడు. కుండ కింద పెట్టి, వైద్యుల ఇంటికి పంపమన్నాడు. తల్లి చితి మీద మంచినీళ్ళు చల్లాడు.

"పద వోలేరో. నీ వెనక నడవడం నాకు గౌరవం" అన్నాడు.

రోజూ ముందు నడిచేవాడే. ఆ రోజు వోలేరో రొమ్ము విరుచుకుని నడిచాడు. వెనక రాజు, ఆ వెనక సేనాపతి, ఆ వెనక ఊరంతా నడిచింది.

తాను చేసిన చట్టానికి తానే తలవంచిన రాజుకే లోకం తలవంచుతుంది.