ఏటి నేరేడు రేకులు ఎక్కడికి పోయాయి?

ఒకప్పుడు ఏటి నేరేడు పువ్వుకి చక్కటి రేకులుండేవి. తెల్లగా, గుండ్రంగా, బుల్లి దొప్పల్లా ఉండి, పువ్వు వాడేదాకా ఊడేవి కావు.

కొండ కింద, రాళ్ల మధ్య పారే ఏటి ఒడ్డున ఒక నేరేడు పొద ఉండేది. పేరుకు నేరేడే గాని మానంత కాదు, మనిషెత్తు పొద. ఆ వేసవిలోనే అది మొదటిసారి పూసింది. దాని సంబరం ఇంతా అంతా కాదు!

"ఇవాళ తేనెటీగలొస్తాయి. అవి వస్తేనే గదా నాకు కాయలు కాసేది!" అని నీళ్లలో నీడ చూసుకుని మురిసిపోయింది.

ఇంతలో ఏరు రొప్పుతూ ఉరికొచ్చింది. "తప్పుకోండి, తప్పుకోండి! పైకొండ మీద కుండపోత వాన! నేనిక ఆగలేను!"

ఏటి నడుమ ఒక బండ. దాని నెర్రెలో చీమల కాపురం. నెర్రె నిండా నీళ్లొచ్చేసరికి చీమలన్నీ గుడ్లు కరుచుకుని బండ కొసకెక్కాయి. వాటి పెద్ద, ముత్తవ్వ అనే ముసలి చీమ, ఎలుగెత్తి అరిచింది.

"నేరేడమ్మా! మా పిల్లలింకా గుడ్లలోనే ఉన్నారు తల్లీ! ఎట్లాగైనా గట్టెక్కించు!"

నేరేడు కొమ్మ చాచింది. అందలేదు. ఆకు రాల్చింది. సన్నటి ఆకు సుడిలో గిర్రున తిరిగి బోల్తా పడింది. ఇక మిగిలినవి పూరేకులే. దొప్పల్లాంటివి కాబట్టి అవి మునగవు.

నేరేడు తన పూల వంక చూసుకుంది. "రేకులు లేకపోతే నావి పూలని తేనెటీగలకు తెలుస్తుందా?"

నీళ్లు చీమల కాళ్లను తాకాయి.

అంతే! నేరేడు ఏటి మీదికి వంగి ఒళ్లంతా విదిలించింది. రేకులన్నీ జలజలా రాలి, తేలుకుంటూ పోయి బండకు ఆనుకున్నాయి.

"ఎక్కండవ్వా, ఎక్కండి! ఏరమ్మా, వీళ్లని కాస్త ఒడ్డుకు చేర్చవూ!"

"ఆగడం నావల్ల కాదు గానీ, ఒడ్డుకు తోస్తాలే!" అంది ఏరు.

గుండ్రటి పుట్టి పడవెక్కి ఏరు దాటే మనుషుల్లా, చీమలు గుడ్లు ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాయి. ముత్తవ్వ అందరికన్నా చివర ఎక్కి "హైలెస్సా!" అంది. ఒక్క గుడ్డయినా తడవకుండా అందరూ ఒడ్డున పడ్డారు.

నేరేడు మాత్రం తనను తాను చూసుకుని దిగులుపడింది. పూలలో తెల్లటి దారాల కుచ్చులు తప్ప ఏమీ మిగల్లేదు.

ఝుమ్మంటూ తేనెటీగలొచ్చాయి. ముందొచ్చింది ఒక కుచ్చు మీద వాలి, ఎగిరి గంతేసింది.

"రండర్రా, రండి! అడ్డం తలుపుల్లేవు! ఎక్కడ కాలు పెట్టినా పుప్పొడే!"

ఆ ఏడు కొమ్మలు వంగిపోయేలా పండ్లు కాశాయి. "రాలిన మొదటి పండు నీ మనవలదే అవ్వా!" అంది నేరేడు. చీమలు పండు చుట్టూ చేరి పండగ చేసుకున్నాయి.

మరుసటి వేసవికి నేరేడు మళ్లీ మొగ్గ తొడిగింది. ఏటిలో ఎవరికి ఏ ఆపదొస్తుందోనని, మొగ్గ విచ్చీ విచ్చకముందే రేకుల్ని పుట్టిలా అతికించి నీళ్లలోకి వదిలేసింది.

అప్పటినుంచే ఏటి నేరేడు మొగ్గ విచ్చుకోగానే రేకులన్నీ ఒకదానికొకటి అతుక్కుని, బుల్లి పుట్టిలా ఊడి ఏట్లో పడతాయి. కొమ్మ మీద తెల్లటి కుచ్చులే నవ్వుతూ ఉంటాయి.