చచ్చి లేచిన నాంచారమ్మ

అనగా అనగా, తెరమీది బొమ్మలు అప్పుడప్పుడే మాటలు నేర్చుకుంటున్న కాలం. ఆ కాలంలో నాంచారమ్మ అని ఒకావిడ సినిమాల్లో వేషాలు వేసేది. రాజు కథ తీసినా, రైతు కథ తీసినా కథానాయకుడికి తల్లి ఉండాలి కదా. ఆ తల్లి నాంచారమ్మ. కథ నడవాలంటే ఆ తల్లి చచ్చిపోవాలి.

మొదటి సినిమాలో పాము కరిచింది. నాంచారమ్మ పడుకుంది, కళ్ళు మూసుకుంది, ఊపిరి బిగబట్టింది. రెండో సినిమాలో విషజ్వరం. పడుకుంది, కళ్ళు మూసుకుంది, ఊపిరి బిగబట్టింది. మూడో సినిమాలో కొడుకు మీద బెంగ.

"నీ అంత బాగా ఎవరూ చావలేరమ్మా," అన్నారు దర్శకుడుగారు.

ఆవిడకి అయిదేళ్ళ కూతురు, అలివేలు. మూడో సినిమా ఊళ్ళోకి వచ్చింది. పక్కింటి మాణిక్యాలత్త, "మీ అమ్మని తెరమీద చూద్దువుగాని రావే," అని పిల్లని తీసుకెళ్ళింది. ముచ్చటపడే తీసుకెళ్ళింది పాపం. తెరమీద అమ్మని పాడె ఎక్కించారు. చితి అంటించారు.

సాయంత్రం నాంచారమ్మ ఇంటికొచ్చింది. పిల్ల గోడకి అతుక్కుపోయింది.

"నువ్వు మా అమ్మవి కాదు. మా అమ్మని కాల్చేశారు. నేను చూశాను."

పెరుగన్నం ముద్ద పెట్టబోయింది. పిల్ల నోరు తెరవలేదు. జోల పాడింది. పిల్ల చెవులు మూసుకుంది. "చూడవే, వెచ్చగా లేనూ?" అని చెయ్యి పట్టుకుంది. పిల్ల చెయ్యి లాక్కుంది. మూడు రోజులు మంచినీళ్ళు తప్ప ఏమీ ముట్టలేదు.

నాలుగో రోజు, నాలుగో చావు. నాంచారమ్మ దర్శకుడుగారి ముందు నిలబడింది.

"చచ్చాక లేచి ఒక్క నవ్వు నవ్వుతానండీ. అదీ తియ్యండి."

"శవం లేచి నవ్వితే జనం నన్ను తంతారమ్మా!"

"జనానికి కాదండీ. ఒక్కర్తికి."

ఆయన ఒప్పుకోలేదు. ఫిలిం దండగ అన్నారు. కెమెరా పట్టే సత్తార్ సాయిబు మాత్రం మెల్లిగా, "ఈమధ్య నాకు చెవుడొచ్చిందమ్మా. కట్ అన్న మాట ఆలస్యంగా వినబడుతోంది," అన్నాడు.

నాంచారమ్మ పడుకుంది, కళ్ళు మూసుకుంది, ఊపిరి బిగబట్టింది. కట్ అన్నారు. కెమెరా ఆగలేదు. నాంచారమ్మ లేచి కూర్చుని, అందులోకి చూసి నవ్వింది.

మర్నాడు సాయిబు ఆ ముక్కని ఖాళీ హాల్లో వేశాడు. నాంచారమ్మ పిల్లని ఎత్తుకొచ్చి పక్కన కూర్చోబెట్టుకుంది. తెరమీద అమ్మ కన్నుమూసింది. పిల్ల మొహం దాచుకోబోయింది.

"ఉండవే తల్లీ. ఇంకొంచెం ఉంది."

తెరమీద అమ్మ లేచింది. నవ్వింది. అలివేలు తెరని చూసింది. పక్కనున్న అమ్మని చూసింది. మళ్ళీ తెరని చూసింది.

"వచ్చేశావా?"

"వచ్చేశానే."

"ఆకలేస్తోందమ్మా."

ఆ తరవాత నాంచారమ్మ ఎన్నోసార్లు చచ్చింది. టీవీలు వచ్చాక వాటిల్లో మామ్మగా కూడా చచ్చింది. చచ్చినప్పుడల్లా లేచి నవ్వేది. ఆవిణ్ణి చూసి, శవం వేషం వేసే మిగతావాళ్ళూ లేచి నవ్వసాగారు.

చివరికి ఒకరోజు, కెమెరా లేనిచోట, నాంచారమ్మ పడుకుంది. కళ్ళు మూసుకుంది. పెద్దదైన అలివేలు పక్కన కూర్చుని చాలాసేపు చూసింది.

"అలిసిపోయింది. పడుకోనివ్వండి," అంది.

ఇప్పటికీ, శవం వేషం వేసినవాళ్ళు కెమెరాలోకి నవ్వందే ఇంటికి కదలరు. మీసాలు మెలేసిన విలనైనా సరే. ఆ ముక్క ఏ సినిమాలోనూ ఉండదు. అయినా తీస్తారు. ఎవరైనా బద్ధకిస్తే, లైట్ల దగ్గర్నించి ఎవరో ఒకరు అంటారు:

"నవ్వి వెళ్ళవయ్యా. ఇంట్లో పిల్లలుంటారు."