తోక గీత లేని రాయి

మూడు నెలలుగా హైమ గురువుగారి ముఖం సూటిగా చూడలేకపోతోంది.

ఆ గురువు డాక్టర్ చిదానందం, శిలాజాల శాస్త్రవేత్త. ఆదివారం ఉదయం ఆయన టీవీలో రాక్షసబల్లుల కథ మొదలుపెడితే వంటిళ్లలో గరిటె చప్పుడు ఆగిపోయేది. "అదిగో, ఆ పొడుగుమెడ జంతువు! కొండచిలువలాంటి తోకను ఇసుకలో ఈడ్చుకుంటూ నీళ్లకు వస్తోంది" అని ఇరవై ఏళ్ల కిందట ఆయన చెప్పిన మాట ఇప్పటికీ ఎంతోమందికి నోటికి వచ్చు.

హైమ ఐదేళ్లుగా ఆయన దగ్గర పరిశోధన చేస్తోంది. ప్రాణహిత ఒడ్డున ఆమెకు ఒక రాతిపలక దొరికింది. దాని మీద ఆ జంతువు అడుగుజాడలు ఇరవై మూడు ఉన్నాయి. వాటి మధ్య తోక ఈడ్చిన గీత మాత్రం లేదు. మళ్లీ వెళ్లి ఇంకో రెండు పలకలు వెతికి చూసింది. వాటిలోనూ లేదు. ఆ జంతువు తోక పైకెత్తుకునే నడిచింది.

హైమ వ్యాసం రాసి సొరుగులో పెట్టేసింది. రాయి చూపించమని ఆయన అడిగినప్పుడల్లా, "ఇంకా శుభ్రం చేస్తున్నాను సార్" అనేది.

ఒకరోజు ఆయనే రాయి ఉన్న గదికి వచ్చారు. కళ్లద్దాలు నుదుటిమీదికి నెట్టి, ముక్కు రాతికి ఆనేంతగా వంగి, అడుగుల మధ్య వేలితో తడుముతూ ఈ కొస నుంచి ఆ కొసకు వెళ్లారు.

"ఎన్నాళ్లయింది నీకు తెలిసి?"

"మూడు నెలలు సార్."

"మరి నోరెందుకు మెదపలేదు?"

"మీ మాట తప్పని నా నోటితో ఎలా అనను సార్?"

ఆయన కోప్పడలేదు. "ఎల్లుండి స్టూడియోకి రా. ఈ రాతికి అచ్చు తీసి పట్టుకురా" అని వెళ్లిపోయారు.

స్టూడియోలో లైట్లు వెలిగాయి. ఆయన ముందు తన పాత కార్యక్రమం వేయించారు. నల్లటి జుట్టుతో, చెయ్యి తోకలా ఊపుతూ మాట్లాడుతున్న తనను తాను కాసేపు చూసి నవ్వుకున్నారు. తర్వాత కెమెరా వైపు తిరిగారు.

"అప్పుడు నేను చెప్పింది ఇది. ఇది తప్పు."

డైరెక్టర్ ప్రభుదాసు గబుక్కున కెమెరా ఆపించాడు. "సార్, ఇరవై ఏళ్లుగా జనం మిమ్మల్ని నమ్మారు. ఇప్పుడిలా అంటే ఆ నమ్మకం ఏమైపోవాలి?"

"తప్పు చెబితే నమ్మినవాళ్లు, దిద్దుకుంటే నమ్మరా? తిప్పవయ్యా కెమెరా."

ఆయన తన కాలర్‌కున్న మైకు తీసి హైమ చేతిలో పెట్టారు. కుర్చీలోంచి లేచి, ఆమెను అందులో కూర్చోమని సైగ చేసి, తాను వెళ్లి కింద వైర్ల పక్కన చతికిలబడ్డారు.

హైమ కుర్చీ అంచున కూర్చుంది. "సార్, నేనూ ఎక్కడో పొరపాటు పడి ఉంటే?"

"పడే ఉంటావు" అన్నారాయన నవ్వుతూ. "నిమ్మళంగా చెప్పమ్మా. ఎక్కడో ఒక పిల్ల వింటూ ఉంటుంది. రేపు నీ పొరపాటు పట్టుకోవాల్సింది తనే."